లైసెన్సు గడువు తీరిన డ్రైవరు, అమల్లో ఉన్న పాలసీ: పరిహారం చివరికి ఎవరి మీద పడుతుంది?

చీనీతోట (గార్లదిన్నె, అనంతపురం జిల్లా)

అందరికీ నమస్కారం. చట్టం తెలిసినవారు దయచేసి నా సందేహం తీర్చగలరు.

మా తోట చీనీకాయలు అనంతపురం మార్కెట్ యార్డుకు తోలడానికి నాకొక బొలెరో పికప్ ఉంది. డ్రైవరు మా ఊరివాడే, చాలాకాలంగా బండి నడుపుతున్నవాడు, మంచి పనితనం ఉన్నవాడు. 2025 మే 29 రాత్రి యార్డు నుంచి ఖాళీ బండితో తిరిగి వస్తుండగా 44వ నంబరు జాతీయ రహదారి మీద ఒక మోటారు సైకిలును ఢీకొన్నాడు. దాని మీద వస్తున్న బేల్దారి మేస్త్రీ చనిపోయాడు. వయసు ముప్ఫై నాలుగు. భార్య, ఇద్దరు పిల్లలు, తల్లి ఉన్నారు. వాళ్ళు మోటారు ప్రమాదాల క్లెయిముల ట్రిబ్యునల్‌లో 45 లక్షలకు క్లెయిమ్ వేశారు. డ్రైవరు మొదటి ప్రతివాది, నేను రెండవ ప్రతివాదిని, బీమా కంపెనీ మూడవ ప్రతివాది.

పాలసీ అమల్లోనే ఉంది, ప్రీమియం బాకీ లేదు. అయినా కంపెనీ తన కౌంటరులో (కోర్టుకు దాఖలు చేసిన జవాబులో) రెండు అభ్యంతరాలు లేవనెత్తింది. డ్రైవరుకు ఎల్ఎంవీ (తేలికపాటి మోటారు వాహనం) లైసెన్సు మాత్రమే ఉందనీ, సరుకుల బండి నడపడానికి అవసరమైన ట్రాన్స్‌పోర్టు ఎండార్స్‌మెంట్ లేదనీ మొదటిది. ప్రమాదం జరిగిన రోజున ఆ లైసెన్సు కూడా చెల్లుబాటులో లేదన్నది రెండవది. అతను 2006లో లైసెన్సు తీసుకున్నాడు. యాభై ఏళ్ళు నిండిన 2025 ఏప్రిల్ 18తో అది ముగిసిపోయింది. జూన్‌లో రెన్యువల్ చేయించుకున్నాడు, కొత్త కార్డు 2035 వరకు ఉంది.

రెన్యువల్ అయింది కాబట్టి మధ్యలోని రోజులు కూడా చెల్లినట్టే లెక్క అని కొందరు అంటున్నారు. పాలసీ ఇప్పించిన ఏజెంటు, మీరు కోర్టుకు రానవసరం లేదు, అంతా కంపెనీ వకీలే చూసుకుంటాడని చెప్పడంతో నేను రెండు వాయిదాలకు వెళ్ళలేదు. కంపెనీ కట్టకపోతే ఆ సొమ్ము నా పొలం మీదికి వస్తుందా?

గుత్తికోట

చీనీతోట గారూ, నేను లారీల వ్యాపారంలో ఉన్నాను. లైసెన్సు ముగిశాక 30 రోజుల వెసులుబాటు ఉంటుంది, ఆ తర్వాత రెన్యువల్ అయితే పాత తేదీ నుంచే లెక్క వేస్తారు. కాబట్టి గడువు విషయంలో మీరు భయపడవలసిన పని లేదు. ఎండార్స్‌మెంట్ లేకపోవడమే అసలు చిక్కు. ఆ ఎండార్స్‌మెంట్, అంటే బ్యాడ్జి, లేనివాడికి సరుకుల బండి ఇస్తే కంపెనీ పైసా కట్టదు.

తుంగభద్రతీరం (న్యాయవాది, కర్నూలు)

గుత్తికోట గారు సదుద్దేశంతోనే చెప్పారు గానీ, ఆయన చెప్పినవి రెండూ ఒకప్పటి సంగతులు. ఇప్పటి పరిస్థితి దాదాపు తలకిందులుగా ఉంది: కంపెనీ గట్టిగా పట్టుకున్న మొదటి అభ్యంతరం నిలిచేది కాదు, మీరు తేలిగ్గా తీసుకుంటున్న రెండవదే ప్రమాదకరమైనది.

ఎండార్స్‌మెంట్ సంగతి ముందుగా చెప్పి ముగిస్తాను. ఎల్ఎంవీ లైసెన్సు ఉన్నవాడు అదే తరగతిలోకి వచ్చే రవాణా వాహనాన్ని కూడా నడపవచ్చని సుప్రీంకోర్టు 2017లో ముకుంద్ దేవాంగన్ కేసులో చెప్పింది. ఆ తీర్పు మీద బీమా కంపెనీలు లేవనెత్తిన అభ్యంతరాలన్నిటినీ విన్న ఐదుగురు న్యాయమూర్తుల రాజ్యాంగ ధర్మాసనం, 2024 నవంబరు 6న రంభాదేవి కేసులో దాన్నే ఖాయం చేసింది. వాహనం మొత్తం బరువు, అంటే సరుకుతో కలిపి అనుమతించిన గరిష్ఠ బరువు, 7,500 కిలోల లోపు ఉంటే చాలు. మీ పికప్ ఆర్సీలో ఆ అంకె చూడండి. అది పరిమితికి చాలా దిగువనే ఉంటుంది. ఆర్సీ నకలును కోర్టులో సాక్ష్యంగా మార్కు చేయిస్తే ఆ అభ్యంతరం అక్కడితో సరి.

ఇక గడువు సంగతి. లైసెన్సు ముగిసిన తర్వాత కూడా 30 రోజుల పాటు అమల్లో ఉన్నట్టే పరిగణించాలన్న నియమం మోటారు వాహనాల చట్టం 14వ సెక్షన్‌లో ఒకప్పుడు ఉండేది. 2019 సవరణ చట్టం దాన్ని తీసివేసింది. అది ఉండి ఉన్నా మీకు ఉపయోగపడేది కాదు, ఎందుకంటే ఏప్రిల్ 18 నుంచి మే 29కి 41 రోజులు దాటాయి. గడువు తీరాక డ్రైవింగు పరీక్ష లేకుండా రెన్యువల్ చేయించుకునే వ్యవధిని కూడా అదే సవరణ ఐదేళ్ళ నుంచి ఏడాదికి తగ్గించింది. చాలామంది ఈ రెండిటినీ కలిపేసుకుని, ఏడాది దాకా లైసెన్సు బతికే ఉంటుందని అనుకుంటున్నారు. రెన్యువల్‌కు దరఖాస్తు చేసుకునే హక్కు వేరు, ఆ మధ్యకాలంలో బండి నడిపే అర్హత వేరు. గడువు దాటిన తర్వాత చేసిన రెన్యువల్ తాను జరిగిన తేదీ నుంచే అమల్లోకి వస్తుంది, వెనక్కి పోదు. ప్రమాదం నాటికి గడువు తీరి, తర్వాత ఆలస్యంగా రెన్యువల్ అయిన లైసెన్సు ఆ రోజుకు చెల్లదని సుప్రీంకోర్టు 2007లో ఈశ్వర్ చంద్ర కేసులోనూ, 2008లో విద్యాధర్ మహరివాలా కేసులోనూ చెప్పి ఉంది. కనుక మే 29న మీ డ్రైవరుకు చెల్లే లైసెన్సు లేదన్నది ఒప్పుకుని, అక్కడి నుంచి ఆలోచించడం మంచిది.

అయితే అంతమాత్రాన పరిహారం ఆగిపోదు. ఇక్కడ రెండు ప్రశ్నలు విడివిడిగా చూడాలి. చనిపోయిన మనిషి కుటుంబానికి డబ్బు ఎవరి చేతి నుంచి అందుతుంది అన్నది ఒకటి. ఆ భారం చివరికి ఎవరి నెత్తిన మిగులుతుంది అన్నది మరొకటి. 2004 జనవరి 5న స్వరణ్ సింగ్ కేసులో ముగ్గురు న్యాయమూర్తులు చెప్పినదాని సారం ఇది: లైసెన్సు లేదని చూపించినంత మాత్రాన కంపెనీ తప్పించుకోలేదు. పాలసీ షరతును యజమాని తెలిసి గానీ, తగిన జాగ్రత్త తీసుకోకుండా గానీ ఉల్లంఘించాడని కంపెనీయే రుజువు చేయాలి. ఆ లోపం ప్రమాదానికి దోహదం చేసేంత మౌలికమైనదై ఉండాలి. ఉల్లంఘన రుజువైన సందర్భంలో కూడా, ముందుగా బాధితులకు కంపెనీ చేత కట్టించి, తర్వాత ఆ సొమ్మును యజమాని నుంచి రాబట్టుకోమని ట్రిబ్యునల్ ఆదేశించవచ్చు. కోర్టు ఆవరణలో మేమందరం 'పే అండ్ రికవర్' అనేది దీన్నే. గడువు తీరిన లైసెన్సుల కేసుల్లో తరచుగా వచ్చే ఉత్తర్వు ఇదే.

ఆ మాట విని యజమానులు ఊపిరి పీల్చుకుంటారు, కంపెనీ కడుతుందిగా అని. 'రికవర్' అన్న సగం వాళ్ళకు వినబడదు. మీ కేసులో అది ఎంత ఉండవచ్చో లెక్క వేసి చూపిస్తాను. మేస్త్రీ నెల సంపాదన 15,000 రూపాయలని ట్రిబ్యునల్ తీసుకుందనుకోండి. ప్రణయ్ సేఠీ తీర్పు ప్రకారం, సొంతంగా పని చేసుకునే నలభై ఏళ్ళ లోపువారికి భవిష్యత్తు పెరుగుదల కింద 40 శాతం కలుపుతారు, 21,000 అవుతుంది. నలుగురు ఆధారపడి ఉన్నారు కాబట్టి అతని సొంత ఖర్చుల కింద నాలుగో వంతు తీసేస్తే నెలకు 15,750, ఏడాదికి 1,89,000. ముప్ఫై నాలుగేళ్ళ వయసుకు సరళా వర్మ తీర్పులోని గుణకం 16. ఏడాది మొత్తాన్ని దానితో హెచ్చిస్తే 30,24,000 రూపాయలు. అంత్యక్రియల ఖర్చు, ఎడబాటు పరిహారం వంటి పద్దులు, క్లెయిమ్ వేసిన నాటి నుంచి వడ్డీ దీనికి అదనం. మీ పికప్ అమ్మితే వచ్చేది ఇందులో ఏ మూలకు?

రాబట్టుకోవడానికి కంపెనీ మీ మీద వేరే దావా వేయనవసరం కూడా లేదు. 2004లో నంజప్పన్ కేసులో సుప్రీంకోర్టు చెప్పిన పద్ధతిలో, అదే ట్రిబ్యునల్‌లో ఎగ్జిక్యూషన్ పిటిషన్ (ఉత్తర్వును అమలు చేయించమనే దరఖాస్తు) వేసుకోవచ్చు. మీ చేత హామీ ఇప్పించమనీ, బండిని జప్తు చేయమనీ అడగవచ్చు. కాబట్టి పొలం గురించి మీరు పడుతున్న ఆందోళన నిరాధారం కాదు.

ఇప్పుడు అన్నిటికన్నా ముఖ్యమైన మాట. మీరు వాయిదాలకు వెళ్ళకపోవడం ఈ కేసులో మీకు జరిగిన పెద్ద నష్టం. లైసెన్సు వివాదం ఉన్న కేసులో కంపెనీ వకీలు మీ వకీలు కాడు. అతని పని మీరు నిర్లక్ష్యం చేశారని చూపించడం. స్వరణ్ సింగ్ తీర్పు రుజువు భారం కంపెనీ మీద పెట్టినా, డ్రైవరును పెట్టుకునేటప్పుడు లైసెన్సు చూశాననీ, ఎలా నడుపుతాడో పరీక్షించాననీ బోను ఎక్కి చెప్పవలసింది మీరే. మీరు రాకపోతే ఆ మాట చెప్పేవాళ్ళు ఉండరు. మన ప్రాంతంలో యజమానులు సమన్లు తీసుకుని ఏజెంటు చేతిలో పెట్టి మరిచిపోవడం, ఎక్స్‌పార్టీ కావడం (తమ గైర్హాజరీలోనే విచారణ సాగిపోవడం), ఏళ్ళ తర్వాత జప్తు నోటీసు వచ్చాక పరుగెత్తుకు రావడం నేను తరచుగా చూస్తూనే ఉన్నాను.

పెన్నాగట్టు (కడప జిల్లా)

విషయం దగ్గరిదే కాబట్టి ఇక్కడే అడుగుతున్నాను, మన్నించండి. మేము బాధితుల పక్షం. మా బావగారు చనిపోయిన కేసులో ట్రిబ్యునల్ మీరు చెప్పిన పే అండ్ రికవర్ ఉత్తర్వే ఇచ్చింది. యజమాని దగ్గర వసూలయ్యాకే మాకు చెల్లిస్తామన్నట్టు కంపెనీవాళ్ళు మాట్లాడుతున్నారు. మా అక్క అంతదాకా ఎదురు చూడవలసిందేనా?

తుంగభద్రతీరం

అవసరం లేదమ్మా. ఆ ఉత్తర్వులో 'పే' ముందు, 'రికవర్' తర్వాత. ఉత్తర్వులో పెట్టిన గడువులోగా కంపెనీ సొమ్ము ట్రిబ్యునల్‌లో జమ చేయాలి. యజమానితో దానికి ఉన్న పేచీ మీకు సంబంధించినది కాదు. హైకోర్టు స్టే తెచ్చుకున్నారేమో కనుక్కోండి. స్టే లేకపోతే మీ వకీలు గారి చేత ఎగ్జిక్యూషన్ పిటిషన్ వేయించండి. మాటలతో పని జరగదు.

గండికోట (బీమా క్లెయిముల విభాగంలో పనిచేసి విరమించినవాడిని, ప్రొద్దుటూరు)

చీనీతోట గారికి, అవతలి పక్షం ఎలా సిద్ధమవుతుందో కాస్త చెప్పడం ఉపయోగమని రాస్తున్నాను.

మరణం జరిగిన క్లెయిములో పాలసీ సరిగా ఉంటే, కంపెనీ తర్వాత చూసేది లైసెన్సునే. పరిశోధకుడు రవాణా శాఖ కార్యాలయానికి వెళ్ళి లైసెన్సు ఎక్స్‌ట్రాక్ట్ తీసుకుంటాడు. అందులో జారీ తేదీ, ఏ తరగతి వాహనానికి ఇచ్చారు, ఏ తేదీ వరకు చెల్లుతుంది, రెన్యువల్ ఎప్పుడైంది అన్నీ ఒక్క కాగితం మీద ఉంటాయి. తర్వాత యజమానికీ డ్రైవరుకూ లైసెన్సు చూపించమని రిజిస్టర్డ్ పోస్టులో నోటీసు పంపుతారు. ఆ నోటీసుకు జవాబు రాకపోవడమే కంపెనీకి కావలసింది, పోస్టాఫీసు రసీదుతో సహా దాన్ని కోర్టులో దాఖలు చేసి, అడిగినా చూపించలేదని వాదిస్తుంది. చివరగా రవాణా శాఖ ఉద్యోగిని సాక్షిగా పిలిపించి ఎక్స్‌ట్రాక్ట్ మార్కు చేయిస్తుంది. ఇవేవీ చేయకుండా కౌంటరులో లైసెన్సు లేదని రాసి ఊరుకున్న కేసుల్లో కంపెనీలు ఓడిపోయాయి. అందుచేత ఇప్పుడు ఎవరూ అలా వదిలిపెట్టడం లేదు.

ఇంకొక చోటు ఉంది, యజమానులు ఎక్కువగా చిక్కుకునేది అక్కడే. పోలీసులు ఛార్జిషీటులో నిర్లక్ష్యం వల్ల మరణం కింద భారతీయ న్యాయ సంహిత 106వ సెక్షన్‌తో పాటు, మోటారు వాహనాల చట్టం 181 కూడా పెడతారు. చెల్లే లైసెన్సు లేకుండా నడిపినందుకు అది డ్రైవరు మీద. అలాంటివాడికి బండి ఇచ్చినందుకు యజమాని మీద 180. జరిమానా చిన్నదే, 5,000 రూపాయలు. కట్టేస్తే పోతుందని చాలామంది మేజిస్ట్రేటు కోర్టులో తప్పు ఒప్పుకుని కట్టేస్తారు. ఆ ఉత్తర్వు ధ్రువీకృత నకలు తరువాతి వాయిదాకల్లా ట్రిబ్యునల్‌లో కంపెనీ పత్రంగా కనిపిస్తుంది.

మీ బండి మరమ్మతుల క్లెయిమ్ మీద ఆశ పెట్టుకోకండి. ముందు కట్టి తర్వాత రాబట్టుకోమనే సూత్రం బాధితుల కోసం పుట్టినది, యజమాని సొంత నష్టానికి అది వర్తించదని లక్ష్మీ నారాయణ్ ధూత్ కేసులో 2007లోనే తేలింది.

పాత కేసులు ఉన్నవారికి ఒక చిన్న మాట: 2020 ఫిబ్రవరి 1 తర్వాత ముగిసిన లైసెన్సులను కోవిడ్ కారణంగా 2021 అక్టోబరు 31 వరకు చెల్లుబాటైనవిగా చూడమని కేంద్ర రవాణా శాఖ చెప్పింది. ఆ మధ్యలో ప్రమాదం జరిగి ఉంటే ఆ ఉత్తర్వులను తప్పక దాఖలు చేయించండి.

చీనీతోట

అందరికీ కృతజ్ఞతలు. గండికోట గారు చెప్పినట్టే 180వ సెక్షన్ కింద నాకు కూడా సమన్లు వచ్చాయి. ఇంకా కట్టలేదు, వచ్చే వారం కట్టేద్దామనుకున్నాను. ఆగిపోతాను.

నా దగ్గర ఉన్నవి చెబుతాను. అతణ్ణి పనిలో పెట్టుకున్నప్పుడు తీసుకున్న లైసెన్సు జిరాక్సు ఉంది. ఇంకా, 2025 మార్చిలో నేను అతనికి వాట్సాప్‌లో పంపిన సందేశం ఉంది, 'నీ లైసెన్సు వచ్చే నెలతో అయిపోతుంది, తొందరగా రెన్యువల్ చేయించుకో' అని. నేను జాగ్రత్తగానే ఉన్నానని దీనితో రుజువవుతుంది కదా?

తుంగభద్రతీరం

చీనీతోట గారూ, జిరాక్సు మంచి పత్రం. వాట్సాప్ సందేశం మాత్రం రెండు వైపులా పదునున్న కత్తి. గడువు ఎప్పుడు ముగుస్తుందో మీకు మార్చిలోనే తెలుసని అది చూపిస్తుంది. తెలిసి కూడా మే 29న బండి తాళం ఎందుకు ఇచ్చారన్నది కంపెనీ వకీలు అడిగే మొదటి ప్రశ్న అవుతుంది.

నకిలీ లైసెన్సుల కేసుల్లో యజమానులకు సుప్రీంకోర్టు చాలా వెసులుబాటు ఇచ్చింది. 2003 నాటి లెహ్రూ కేసులోనూ, 2022లో రిషిపాల్ సింగ్ కేసులోనూ, చూడటానికి సరిగ్గా ఉన్న లైసెన్సు అసలుదా కాదా అని యజమాని రవాణా కార్యాలయం చుట్టూ తిరిగి విచారించనవసరం లేదని చెప్పింది. గడువు విషయంలో ఆ వాదన అంతగా నడవదు, తేదీ కార్డు మీదే ఉంటుంది కదా. 2020లో బేలీరామ్ కేసులో ఇదే మాట వచ్చింది: పనిలో పెట్టుకున్ననాడు చూసి వదిలేస్తే చాలదు, గడువు తీరాక రెన్యువల్ అయిందో లేదో తగిన సమయంలో చూసుకోవలసిన బాధ్యత యజమానిది. అయితే అక్కడ గడువు తీరాక దాదాపు మూడేళ్ళు రెన్యువల్ కాలేదు. పైగా అది గాయపడిన డ్రైవరే కార్మిక పరిహార చట్టం కింద వేసిన కేసు. మీది 41 రోజుల వ్యవధి, అడుగుతున్నది మూడవ పక్షం. ఈ తేడాను మీ వకీలు గట్టిగా చెప్పాలి. 2006 నుంచి లైసెన్సు ఉన్నవాడి చేతిలో ఆ 41 రోజుల్లో నైపుణ్యం తగ్గిపోలేదనీ, రెన్యువల్ ఆలస్యానికీ ప్రమాదానికీ సంబంధం లేదనీ వాదించవచ్చు. స్వరణ్ సింగ్ తీర్పు ఇందుకు ఆధారమిస్తుంది. ట్రిబ్యునల్ ఒప్పుకుంటుందని మాత్రం నేను హామీ ఇవ్వలేను.

మీ సందేశానికి అతను ఏం జవాబిచ్చాడు? దాన్ని బట్టి చాలా మారుతుంది.

చీనీతోట

ఏప్రిల్ మొదటి వారంలో ఫోను చేసి, స్లాటు బుక్ చేశాననీ పని అయిపోతుందనీ చెప్పాడు. ఆ తర్వాత నేను అడగలేదు. మే నెలంతా కాయ కోత హడావుడిలో ఉన్నాము. ప్రమాదం జరిగాక తెలిసింది, నలభై దాటినవాళ్ళకు కావలసిన ఫారం 1ఏ వైద్య ధ్రువపత్రం తీసుకోకుండా వెళ్ళడంతో వెనక్కి పంపించారట.

తుంగభద్రతీరం

అయితే ఉన్నది ఉన్నట్టే చెప్పండి, ఒక్క మాట కూడా కలపకండి. గుర్తు చేశాను, స్లాటు బుక్ చేశానన్నాడు, నమ్మాను. క్రాస్ ఎగ్జామినేషన్‌లో నిలబడేది ఈ మాటే. స్లాటు బుక్ చేసినట్టు అతని ఫోనుకు వచ్చిన సందేశం, దరఖాస్తు నంబరు ఉన్న రసీదు దొరికితే మీ మాటకు చాలా బలం వస్తుంది. అది ఏప్రిల్ 18కి ముందు తేదీదైతే మరీ మంచిది. డ్రైవరును కూడా సాక్షిగా బోను ఎక్కించండి. వాట్సాప్ సందేశాలను దాఖలు చేసేటట్లయితే భారతీయ సాక్ష్య అధినియమం 63వ సెక్షన్ కింద ధ్రువపత్రం జతచేయాలి, ఫోను మార్చకండి, సందేశాలు తుడిచేయకండి.

180వ సెక్షన్ కేసులో మీ సొంత వకీలును కలిసి, ట్రిబ్యునల్ కేసు కాగితాలు కూడా చూపించిన తర్వాతే ఏ జవాబు చెప్పాలో నిర్ణయించుకోండి. రెండు కోర్టుల్లోనూ ఒకే వకీలు ఉంటే మంచిది, ఒకచోట చెప్పింది మరొకచోట అడ్డం రాకుండా ఉంటుంది.

ముందు రేపే అనంతపురం కోర్టుకు వెళ్ళి మిమ్మల్ని ఎక్స్‌పార్టీ చేశారో లేదో డాకెట్‌లో చూపించుకోండి. చేసి ఉంటే, దాన్ని తొలగించమనే పిటిషన్‌తో పాటు మీ కౌంటరు కూడా అదే రోజు దాఖలు చేయాలి. సాక్ష్యం ఇంకా మొదలు కాకపోతే ట్రిబ్యునల్ సాధారణంగా ఖర్చులు వేసి అనుమతిస్తుంది.